పార్వతీపురపు మన్యము: రాయి, నీరు, పలుకు

పార్వతీపురము రైలుస్టేషనులో దిగి ఉత్తరముగను పడమరగను చూచినచో ఆకాశపు అంచున నీలిగోడవలె తూర్పుకనుమలు కనిపించును. ఊరు సముద్రమట్టమునకు సుమారు 120 మీటర్ల ఎత్తున మాత్రమే ఉన్నది. సాలూరు మీదుగా కొరాపుట్టుకు పోవు ఘాటురోడ్డును పట్టినచో కొలది గంటలలోనే 800 మీటర్లకు పైబడిన పీఠభూమిని చేరవచ్చును. మైదానమును, కొండవాలును, లోయలను కలుపుకొని 2022 ఏప్రిలు 4వ తేదీన పార్వతీపురం మన్యం జిల్లా ఏర్పడినది. వైశాల్యము సుమారు 3,659 చదరపు కిలోమీటర్లు, మండలములు 15, 2011 జనాభా లెక్కలనుబట్టి ఈ ప్రాంతపు జనసంఖ్య సుమారు 9 లక్షల 25 వేలు. ఇట్టి అంకెలు ఏ జిల్లాకైనను ఉండును. ఈ జిల్లాకు ప్రత్యేకమైన విషయము వేరొకటి ఉన్నది. ఒకదానితో ఒకటి చుట్టరికములేని మూడు భాషాకుటుంబముల వారు ఇచ్చట పక్కపక్కనే నివసించుచున్నారు. ఇది ఎట్లు సంభవించినదో తెలియవలెనన్న ముందుగా ఇక్కడి రాతిని, నీటిని చూడవలెను.

ఈ కొండలలో ఎక్కువగా కానవచ్చు రాతికి భూగర్భశాస్త్రజ్ఞులు ఖోండలైటు అని పేరు పెట్టిరి. ఒరిస్సా కొండలలో నివసించు ఖోండు జాతివారి పేరు మీదుగా 1902లో వాకరు అను శాస్త్రజ్ఞుడు దానికి ఈ పేరు నిచ్చెను. మనుష్యుల జాతి పేరు రాతికి రావడము అరుదైన గౌరవమే. అతి ప్రాచీన కాలమున నీటి అడుగున పేరుకొన్న బంకమన్ను భూగర్భమున లోతునకు దిగి, గొప్ప ఒత్తిడికి, వేడికి లోనై ఈ రాయిగా మారినది. పగులగొట్టి చూచినచో గార్నెట్టు ఖనిజపు ఎర్రని చుక్కలు, అక్కడక్కడ గ్రాఫైటు పొలుసులు కనిపించును. ఎండకు, వానకు ఈ రాయి శిథిలమై ఎర్రమన్ను అగును. చెట్లు ఉన్నంతకాలము వాటి వేళ్లు ఆ మన్నును వాలుపై నిలుపును. చెట్లు పోయినచో అది నాలుగు వానలకు గెడ్డలో కలియును.

కొండవాగును ఈ సీమలో గెడ్డ అందురు. పెద్దగెడ్డ, వట్టిగెడ్డ మొదలగు పేర్లు అట్లు వచ్చినవే. గెడ్డలలో పెక్కు తుదకు నాగావళిలో చేరును. నాగావళి ఒడిశాలోని కలహండి కొండలలో పుట్టి, రాయగడ మీదుగా కొమరాడ మండలమున మన రాష్ట్రమును ప్రవేశించి, శ్రీకాకుళము దాటి బంగాళాఖాతమున కలియును. దాని మొత్తము పొడవు సుమారు 256 కిలోమీటర్లు. సాలూరు, పాచిపెంట కొండలనుండి దిగు సువర్ణముఖి, వేగవతులును, ఒడిశానుండి వచ్చు జంఝావతియు దాని ఉపనదులే. తూర్పు అంచున భామిని మండలమును వంశధార ఒరసికొని పోవుచున్నది. తోటపల్లి వద్ద నాగావళిపై 1908 నాటి పాత రెగ్యులేటరుండగా, 2015లో కొత్త బ్యారేజి వచ్చినది.

జంఝావతి కథ విద్యార్థులకు వినోదముగా ఉండును. ఆ నదికి పూర్తి ఎత్తున ఆనకట్ట కట్టినచో ఒడిశా భూములు కొన్ని మునుగును. ఆ తగవు తెగక, 2006లో అచ్చట రబ్బరు ఆనకట్టను నిర్మించిరి. పెద్ద రబ్బరు తిత్తి నదికి అడ్డముగా పరచియుండును. దానిని ఉబ్బించినచో నీరు నిలుచును, వరద వచ్చినప్పుడు దించినచో నీరు పైగా పోవును. కొండపైన ఒక రాష్ట్రము, దిగువన మరొక రాష్ట్రము ఉన్నచోట ఇంజనీర్లకు కూడ ఇట్టి ఉపాయములు తప్పవు.

నీరు పల్లమెరుగును, సేద్యము ఆ నీటి వెంట పోవును. మైదానపు మండలములలో వరి, చెరకు, మొక్కజొన్న, పత్తి పండును. కొండవాలున పోడు సేద్యము చేయుదురు. తుప్పలు కొట్టి, ఎండబెట్టి, కాల్చి, ఆ బూడిదలో చోళ్లు, సామలు, కొర్రలు, కందులు కలిపి చల్లుదురు. బూడిదయే ఎరువు. కొన్ని పంటల తరువాత ఆ వాలును వదలి వేరొక వాలునకు పోవుదురు. వదలిన చోట అడవి మరల పెరుగును. పోడు అడవికి శత్రువని పుస్తకములలో వ్రాయుట పరిపాటి. అడవికి కోలుకొను వ్యవధి దొరికినంతకాలము ఈ పద్ధతి తరతరములు నడచినదన్న మాట కూడ చేర్చుట న్యాయము. రిజర్వు అడవులు ఏర్పడి, జనము పెరిగి, తిరుగుటకు వాలులు తగ్గిన పిమ్మటనే ఆ వ్యవధి కుదించుకొనిపోయినది. ఇక సవరలు వాలును మెట్లుమెట్లుగా చెక్కి, రాతికట్టులు పేర్చి, గెడ్డనీటిని ఒక మడినుండి దిగువ మడికి జారవిడిచి వరి పండించు నేర్పు ప్రసిద్ధమైనది. నేడు సీతంపేట వైపు అనాస, పసుపు, గుమ్మలక్ష్మీపురము, కురుపాము వైపు జీడిమామిడి విరివిగా పండుచున్నవి. వారపు సంతకు ఇవియు, చింతపండు, కొండచీపుళ్లు, అడ్డాకులును దిగివచ్చును. ఉప్పు, ఎండుచేపలు, బట్టలు కొండకు ఎక్కును.

ఆ సంతలో నిలబడి చెవియొగ్గినచో ఈ జిల్లా అసలు స్వరూపము తెలియును. మైదానపు వ్యాపారి తెలుగు మాటలాడును. జాతాపులు ఖోండు జాతికి చెందినవారే అయినను నేడు పెక్కుమంది తెలుగువారే అయిపోయిరి. వారి పూర్వుల కువి భాష ద్రావిడ కుటుంబములోనిది. కొండదొరల కొండభాష కూడ ద్రావిడమే, తెలుగునకు దగ్గర చుట్టము. భద్రిరాజు కృష్ణమూర్తిగారు 1969లో దీనిపై ఒక గ్రంథమును ప్రకటించిరి. మనము బడిలో ఱ అని నేర్చి, పలుకుటలో ర గానే పలుకు శకటరేఫ ఉన్నది గదా. దాని ప్రాచీన ధ్వని కొండభాషలో ఇప్పటికిని విడిగా నిలిచియున్నది. తెలుగు పంతులు ఛందస్సు కొరకు కంఠస్థము చేయించు భేదము కొండదొర బిడ్డకు తల్లిపాలతో వచ్చును! గదబల సంగతి మరింత చిత్రము. గదబ అను ఒకే పేరు గల జనులలో కొందరి భాష ముండా శాఖకు, మరికొందరిది ద్రావిడమునకు చెందినది. బరో, ఎమెనోల ద్రావిడ వ్యుత్పత్తి నిఘంటువులో సాలూరు గదబకు ప్రత్యేక సంకేతాక్షరమే ఉన్నది. సాలూరు పేరు ప్రపంచములోని భాషాశాస్త్రజ్ఞులకు తెలిసినది ఇట్లే. ఇక సరిహద్దు గ్రామములలోని ఆదివాసీ ఒడియా ఆర్యభాష.

మూడవ కుటుంబము సవరలది. ఐతరేయ బ్రాహ్మణములో ఆంధ్రుల పేరును శబరుల పేరును పక్కపక్కనే ఉన్నవి. నాటినుండియు ఇరుగుపొరుగువారైనను తెలుగునకు సవరకు రక్తసంబంధము లేదు. సవర ముండా శాఖలోనిది. సంతాలీ దాని దాయాది. దూరపు బంధువులను వెదుకవలెనన్న కంబోడియా, వియత్నాముల వరకు పోవలెను. 2011 లెక్కలలో ఈ భాషను మాతృభాషగా చెప్పినవారు దేశము మొత్తముమీద నాలుగు లక్షల పైచిలుకు.

ఈ భాషను మొట్టమొదట శాస్త్రీయముగా పరిశీలించినవారిలో అగ్రగణ్యుడు గిడుగు వేంకటరామమూర్తి (1863–1940). పర్లాకిమిడిలో ఉపాధ్యాయుడుగా ఉండి, సవరలవద్దనే కూర్చుండి వారి భాషను నేర్చెను. 1931లో సవర వ్యాకరణము, 1933లో, 1938లో నిఘంటువులు వెలువడినవి. వ్యావహారిక భాషోద్యమ నాయకుడుగా ఆయనను అందరు ఎరుగుదురు గాని, జనుల నోట నున్నదే భాష అన్న ఆయన పట్టుదలకు సవర కొండలు కూడ ఒక పాఠశాలయై ఉండునని తోచును.

కొండకు ఎల్లలు ఎన్నిసార్లు మారినవో! 1839 చట్టముతో ఈ మన్యమును సాధారణ పరిపాలననుండి వేరుచేసి, కలెక్టరును గవర్నరుకు ఏజెంటుగా నియమించిరి. ఏజెన్సీ అను మాట అందుండి వచ్చినది. 1936లో ఒరిస్సా ప్రత్యేక రాష్ట్రమైనప్పుడు గీచిన గీత సవరలను, కువి జనులను రెండుగా చీల్చినది. సాలూరునకు ఎగువనున్న కొటియా గ్రామముల తగవు ఆ కాలమునకు చెందినదే. 1968లో అది సుప్రీంకోర్టుకు ఎక్కినది. ఆ గ్రామస్థులలో పలువురి చేతిలో రెండు రాష్ట్రముల కార్డులును ఉన్నవి. పార్వతీపురము మాత్రము 1950 వరకు విశాఖపట్టణము జిల్లాలో, ఆపైన శ్రీకాకుళములో, 1979 నుండి విజయనగరములో ఉండి, తుదకు తానే జిల్లా కేంద్రమైనది.

భూమి విషయములో మార్పులు ఇంత నిశ్శబ్దముగా జరుగలేదు. అప్పులకు, లెక్కతెలియని పత్రములకు గిరిజనుల పల్లపు భూములు చేతులు మారుచుండగా, 1917లోనే మద్రాసు ప్రభుత్వము ఒక చట్టము చేసెను. అది చాలలేదు. 1967 అక్టోబరు 31న లేవిడి వద్ద ఇద్దరు గిరిజనులు కాల్పులలో మరణించిరి. ఆ పిమ్మట ఈ కొండలు కొన్ని సంవత్సరములు సాయుధ పోరాటముతో అట్టుడికినవి. 1959 నాటి భూబదలాయింపు నిబంధనలను 1970లో సవరించి, షెడ్యూల్డు ప్రాంతమున గిరిజనేతరుల పేరునకు భూమి మారకుండ కట్టుదిట్టము చేసిరి. ప్రజలు దీనినే 1/70 చట్టమందురు. పోడుభూములకు హక్కుపత్రములిచ్చు చట్టము 2006లో గాని రాలేదు.

పత్రము చదువుటకు బడి కావలెను. ఆ బడి ఏ భాషలో ఉండవలెనన్నది నేటికిని ఇచ్చటి ఉపాధ్యాయుల నిత్యసమస్య. 2004 ప్రాంతమున రాష్ట్రప్రభుత్వము ఎనిమిది గిరిజన భాషలలో ప్రాథమిక వాచకములను తెలుగు లిపిలో తయారుచేయించి మాతృభాషలో బోధన నారంభించినది. ఆ ఎనిమిదిలో సవర, కువి, కొండ, ఆదివాసీ ఒడియా అను నాలుగును ఈ సీమవే. తెలుగు లిపి సవరకు పూర్తిగా అమరదు. గొంతు మొదట గాలిని ఠక్కున ఆపి పలుకు ధ్వని ఒకటి ఆ భాషలో ఉన్నది, మన అక్షరములలో దానికి చోటులేదు. ఒడిశా వైపున మంగై గొమాంగో 1936లో సవరకు ప్రత్యేక లిపినే కల్పించెను.

లెక్కలలో చిక్కు ఇంకను లోతైనది. మన లెక్క పదులమీద నడచును. సవర లెక్క పన్నెండుమీదను, ఇరువదిమీదను నడచును. పన్నెండు మిగ్గెల్, ఏడు గుల్జి; పందొమ్మిదిని మిగ్గెల్ గుల్జి అందురు, అనగా పన్నెండు-ఏడు. ముప్పదిమూడనగా ఇరువది-పన్నెండు-ఒకటి. సంతల మూలమున తెలుగు అంకెలు కొండకు ఎక్కినను, అవ్వ నోట విని వచ్చిన బిడ్డకు పదుల స్థానము సహజముగా తోచదు. పలకపై 33 వేసి మూడు పదులు, మూడు ఒకట్లు అని చెప్పినప్పుడు అట్టి బిడ్డ తడబడినచో అది మందబుద్ధి కాదు, వేరొక లెక్క.

మైదానపు తరగతిలో కూడ దీనిని పరీక్షింపవచ్చును. ముప్పదిమూడు చింతగింజలను తెప్పించి, ఒక జట్టును పదేసి కుప్పలు పోయుమని, రెండవ జట్టును మొదట ఇరువది, తరువాత పన్నెండు తీయుమని చెప్పవలెను. ఇరుజట్లును చివరకు ఎన్ని గింజలు విడిగా మిగిలినవో చూచి, తోటపల్లి తూముల సంఖ్యనో, తరగతిలోని పిల్లల సంఖ్యనో రెండు పద్ధతులలోను వ్రాయించవచ్చును.