కుదువపెట్టిన స్టూడియో

శివరాత్రికి పుణ్యగిరి తీర్థానికి జనం ఎట్లా తరలివస్తారో శృంగవరపుకోటవారికి వేరే చెప్పనక్కరలేదు. జనమున్న చోటికే వినోదమూ నడిచివస్తుంది. వెనుక తోలుబొమ్మలాటలు, వీధి భాగవతాలు అట్లాగే ఊరూరా తిరిగినవి. వాటి వెనుక డేరా సినిమా బయలుదేరింది. ఈ కొత్త విద్యను నెత్తికెత్తుకొని దేశాలు తిరిగిన తొలి తెలుగువాడు రఘుపతి వెంకయ్యగారు. ఆయన పేర 1980లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం నెలకొల్పిన పురస్కారాన్ని విద్యార్థులు ఎరుగుదురు. ఆయన పడిన పాట్లు ఎరిగినవారు తక్కువ.

బందరులో పుట్టిన వెంకయ్యగారు మద్రాసు చేరి, ఫోటో స్టూడియో పెట్టి, మంచి ఛాయాగ్రాహకుడనిపించుకున్నారు. అక్కడితో ఆగితే సుఖంగా బతికేవారే! 1910 ప్రాంతంలో క్రోనోమెగాఫోన్ అనే యంత్రం ఆయన కంటబడింది. తెరమీద బొమ్మ కదులుతుంటే గ్రామఫోను పలుకుతుంది. స్టూడియోను కుదువపెట్టి దానిని కొన్నారు. మద్రాసు విక్టోరియా పబ్లిక్ హాలులో ప్రదర్శించి, పిమ్మట బెంగుళూరు, బెజవాడ, సింహళం, రంగూను తిరిగారు.

అయితే డేరాకు వాన పగ, గాలి పగ. అందుచేత మద్రాసులో గెయిటీ అనే సినిమాహాలు కట్టించారు. ఆ నగరంలో భారతీయుడు కట్టించిన మొదటి సినిమాహాలు అదే. తరువాత క్రౌన్, గ్లోబ్ లేచినవి. హాళ్లున్నవి సరే, ఆడించడానికి మన బొమ్మలేవి? కుమారుడు ప్రకాశ్‌ను చిత్రనిర్మాణం నేర్చుకొనేందుకు ఇంగ్లండు పంపి, అతడు తిరిగి వచ్చాక 'స్టార్ ఆఫ్ ది ఈస్ట్' సంస్థను స్థాపించారు. 1921లో 'భీష్మ ప్రతిజ్ఞ' వెలువడింది. దర్శకుడూ ప్రకాశే, భీష్ముడూ ప్రకాశే. గంగ వేషం మాత్రం ఒక ఆంగ్ల యువతిది. కులస్త్రీలు కెమేరా ముందు నిలవడానికి సంకోచించిన రోజులవి. మూకీని తెలుగు చిత్రమనడమేమిటని కొందరు పిల్లలు అడగవచ్చు. న్యాయమైన ప్రశ్నే. భాష లేకపోయినా తీసినవారు మనవారు, కథ మనది. అంతవరకే ఆ మాట చెల్లుతుంది.

పెట్టుబడి మాత్రం తిరిగి రాలేదు. అప్పులు పెరిగి, కట్టించిన హాళ్లు ఒక్కొక్కటే చేజారినవి. 1941లో ఆయన కన్నుమూశారు.

'భీష్మ ప్రతిజ్ఞ' నాడు ప్రకాశ్ వద్ద పనిచేసిన కాకినాడవారు చిత్తజల్లు పుల్లయ్యగారు 1934లో టాకీగా 'లవకుశ' తీశారు. దానిని చూడడానికి పల్లెల జనం బండ్లు కట్టుకొని, చద్దిమూటలతో పట్నాలకు వచ్చారు. వెంకయ్యగారు అప్పటికి జీవించే ఉన్నారు.