దస్తగిరి అంటే కొండ కాదు, చెయ్యి

తగరపువలసలో అసర్ నమాజు తర్వాత కొందరు పిల్లలకు ఉర్దూ చెబుతుంటాను. ఆమధ్య ఒకరోజు చదువు ముగిశాక ఎనిమిదో తరగతి పిల్లవాడొకడు ఇంటికి పోకుండా నిలబడిపోయాడు. ఏమిటని అడిగితే, "ఉస్తాద్, నా పేరు మార్చేయండి" అన్నాడు.

వాడి పేరు దస్తగిరి. బడిలో తోటి పిల్లలు హిమగిరి, నీలగిరి, దస్తగిరి అని వరస కట్టి పిలుస్తున్నారట. "ఇంతకీ నువ్వు ఏ కొండరా?" అని నవ్వుతున్నారట. అది చాలదన్నట్టు తెలిసిన పెద్దమనిషి ఒకాయన వాళ్ల నాన్నతో, "ఇదేం పేరయ్యా, తెలుగు పేరు పెట్టుకున్నారు! మంచి ముస్లిం పేరు పెట్టండి" అన్నారట.

మర్నాడు తండ్రి వచ్చాడు. లారీ నడుపుకుంటూ కర్నూలు వైపు నుంచి ఇటు వచ్చి స్థిరపడిన కుటుంబం. "మౌల్వీసాబ్, పేరు మారుద్దామంటే మా అమ్మ అన్నం ముట్టడం లేదు. అది మా నాయన పేరు. చచ్చిపోయిన మనిషిని మళ్లీ చంపుతారా అంటోంది. ఏం చేయమంటారు?" అన్నాడు.

సోదర సోదరీమణులారా! ఇది ఒక్క ఇంటి సమస్య కాదు. మస్తానమ్మ, హుస్సేనమ్మ, ఫకీరప్ప, మౌలాలి వంటి పేర్లు మన తాతముత్తాతల కాలం నుంచి వస్తున్నాయి. ఈ తరం పిల్లలు వాటిని చెప్పుకోవడానికి మొహమాటపడుతున్నారు. పేరు మార్చే ముందు అసలు దాని అర్థం ఏమిటో తెలుసుకోవడం మన బాధ్యత కాదా?

దస్తగిరిలో ఉన్నది మన 'గిరి' కాదు. అది ఫార్సీ మాట. 'దస్త్' అంటే చెయ్యి. 'గీర్' అంటే పట్టుకునేవాడు. 'దస్తగీర్' అంటే పడిపోతున్నవాడి చెయ్యి పట్టి లేవదీసేవాడు, ఆపదలో ఆదుకునేవాడు. తెలుగు నోటికి మాట చివర అచ్చు ఉండాలి. అందుకే బజార్ బజారు అయింది, జాగీర్ జాగీరు అయింది. దస్తగీర్ మాత్రం, గిరి అనే మాట మనకు ముందే అలవాటు కాబట్టి, దస్తగిరి అయి కూర్చుంది.

ఈ 'దస్త్' మనకు కొత్తది కాదు. ఇల్లు కొంటే రాయించుకునే దస్తావేజులో ఉన్నది ఇదే చెయ్యి. తెలంగాణలో చేతిరుమాలును దస్తీ అంటారు, అదీ ఇదే. జబర్దస్తీ అంటామే, ఫార్సీలో 'జబర్' అంటే పైన. జబర్దస్త్ అంటే చెయ్యి పైన ఉన్నవాడు, అంటే బలవంతుడు. వాడి బలవంతమే జబర్దస్తీ. చూడండి, రెండు మాటలలోనూ చెయ్యి ఒకటే. ఒక చెయ్యి ఎదుటివాడిని అణచివేస్తుంది, ఇంకొకటి లేవదీస్తుంది.

ఈ పేరు మనకు ఎక్కడి నుంచి వచ్చింది? హజ్రత్ షేక్ అబ్దుల్ ఖాదిర్ జీలానీ (రహ్మ) గారిని మన ప్రాంతాలలో పీరానె పీర్ దస్తగీర్ అని పిలుస్తారు. ఆయన కాస్పియన్ సముద్రం ఒడ్డున ఉన్న గీలాన్ ప్రాంతంలో జన్మించారు. బాగ్దాదులో చదివి, అక్కడే దశాబ్దాలపాటు ధర్మబోధ చేసి, హిజ్రీ 561లో, అంటే క్రీస్తుశకం 1166లో పరమపదించారు. ఆయన పేరుతో ఏర్పడిన ఖాదిరియా సిల్సిలాకు చెందిన బుజుర్గులు దక్కన్‌కు వచ్చారు. వారితోపాటు ఈ బిరుదు కూడా వచ్చి పల్లెల్లో పేరుగా స్థిరపడింది. రబీవుస్సానీ నెల పదకొండున నేటికీ అనేక ఇళ్లలో గ్యార్వీ జరుగుతుంది.

రాయలసీమలో ఈ పేరు ముస్లింలకే పరిమితం కాలేదు. మొక్కుకుని బిడ్డ పుడితే హిందూ కుటుంబాలవారు కూడా దస్తగిరి అని, ఆడపిల్ల అయితే దస్తగిరమ్మ అని పెట్టుకున్నారు. బాగ్దాదు గురువుగారి బిరుదు ఒకటి కర్నూలు, కడప పల్లెల్లో ఇరుగుపొరుగు ఇళ్లకు ఉమ్మడి పేరు అయింది. ఇది చిన్న విషయం కాదు.

ఇక ఆ పెద్దమనిషి అభ్యంతరం. "ఆపదలో చెయ్యి పట్టేవాడు అల్లాహ్ ఒక్కడే కదా, మనిషిని అలా పిలవవచ్చా?" అని అడిగేవారు ఉన్నారు. అడగవలసిన ప్రశ్నే. దుఆ చేయవలసింది, సహాయం అర్థించవలసింది అల్లాహ్‌నే. అందులో రెండో మాట లేదు. షేక్ జీలానీ (రహ్మ) జీవితమంతా బోధించినదీ అదే. అయితే సత్కార్యాలలో, దైవభీతి విషయంలో ఒకరికొకరు తోడ్పడమని దివ్య ఖుర్ఆన్ మాయిదా సూరాలో మనల్ని ఆదేశిస్తోంది. కిందపడినవాడికి చెయ్యి అందించడం మనిషి ధర్మం. దస్తగిరి అనే పేరును ఆ ధర్మానికి గుర్తుగా తీసుకుంటే, అది బిడ్డకు గొప్ప కాదు, బాధ్యత.

పేర్ల విషయంలో దైవప్రవక్త (సఅసం) పద్ధతి ఏమిటో కూడా చూద్దాం. చెడు అర్థం ఉన్న పేర్లను ఆయన మార్చారు. 'అవిధేయురాలు' అనే అర్థంగల ఆసియా అన్న పేరును జమీలాగా మార్చారు. 'కరకునేల' అని అర్థం వచ్చే హజ్న్ అనే పేరున్న వ్యక్తిని సహల్‌గా, అంటే మృదువుగా, మారమన్నారు. తండ్రి పెట్టిన పేరు మార్చుకోనని ఆయన నిరాకరించారు. ఆ కాఠిన్యం మా వంశంలో మిగిలిపోయిందని తర్వాత ఆయన మనవడే చెప్పుకున్నారు. అయితే ఉమర్, ఉస్మాన్, హమ్జా అనే పేర్లు ఇస్లాంకు ముందు నుంచీ ఉన్నవే. వాటిని మార్చలేదు. అంటే చూడవలసింది పేరు ఏ భాషదని కాదు, దాని అర్థం మంచిదా చెడ్డదా అని. అరబీ మాట అయినంత మాత్రాన ప్రతిదీ మంచి పేరు కాదు. తెలుగు నోట నలిగినంత మాత్రాన ప్రతిదీ చెడ్డ పేరు కాదు.

తల్లిదండ్రులకు ఒక మనవి. ఆ అబ్బాయి కాగితాలు తెప్పించి చూశాను. ఒకదానిలో దస్తగిరి, ఇంకొకదానిలో దస్తగీర్, మరొకదానిలో ధస్తగిరి! పేరు ఏదైనా సరే, అన్ని కాగితాలలో ఒకేలా ఉండాలి. పదో తరగతి సర్టిఫికెట్‌లో ఎక్కిన తర్వాత పేరు సరిచేయించడం తేలిక కాదు. రేపు ఉద్యోగానికో, పాస్‌పోర్టుకో, హజ్ యాత్రకో ఆ ఒక్క అక్షరమే అడ్డుపడుతుంది. పిల్లలు ఎనిమిది, తొమ్మిది తరగతులలో ఉండగానే చూసుకోండి.

ఇదంతా ఆ తండ్రీకొడుకులకు చెప్పాను. నిర్ణయం వారికే వదిలేశాను. పిల్లవాడు కాసేపు ఆలోచించి, "అయితే ఉస్తాద్, జబర్దస్తీ చేసేవాడికి నేను ఎదురు అన్నమాట" అన్నాడు. తండ్రి నవ్వాడు. ఆ రాత్రి ఆ ఇంట్లో ముసలావిడ అన్నం తిన్నదని మర్నాడు కబురు తెలిసింది.

మా ఊరి పేరులోనూ, పక్కనున్న చిట్టివలస పేరులోనూ 'వలస' ఉంది. మనుషులే కాదు, పేర్లు కూడా వలస వస్తాయి. వచ్చినచోట నీళ్లు తాగి, అక్కడి యాస పట్టి, ఆ ఊరివే అయిపోతాయి. మీ ఇంట్లో అటువంటి పాత పేరు ఉంటే దాన్ని పారవేసే ముందు ఈ జుమా రోజున మీ అవ్వనో తాతనో దగ్గర కూర్చోబెట్టుకుని ఆ పేరు ఎవరిదో, ఎందుకు పెట్టారో అడగండి. పిల్లలను కూడా పక్కన కూర్చోబెట్టుకోండి. మన పేర్లకు తగినట్టు నడుచుకునే భాగ్యాన్ని అల్లాహ్ మనందరికీ ప్రసాదించుగాక. ఆమీన్.