ఎండోస్కోపీకి ముందు ‘రక్తం పలుచన’ మాత్రలు: ఆపాలా? కొనసాగించాలా?

(ప్రత్యేక వ్యాసం)

నూజివీడు: వేసవి వచ్చిందంటే నూజివీడు, ఆగిరిపల్లి, ముసునూరు, చాట్రాయి మండలాలలోని మామిడి తోటలు కోత పనులతో కళకళలాడుతాయి. బంగినపల్లి, చిన్న రసాలు, పెద్ద రసాలు, కలెక్టరు కాయలు లారీలకెక్కి నున్న మార్కెట్టుకు, అక్కడి నుండి దూర ప్రాంతాలకు తరలిపోతాయి. ఏడాది సంపాదనంతా ఈ రెండు మూడు నెలలలోనే చేతికి రావలసిన రైతు, కూలీ కుటుంబాలలో కడుపు మంట, మింగుడు పడకపోవడం, నల్లటి విరేచనం వంటి బాధలను కోతలు ముగిసే వరకు ఓర్చుకునే వారుంటారు. చివరకు వైద్యుడు ఎండోస్కోపీ వ్రాసినప్పుడు, గుండె జబ్బుకు మందులు వాడుతున్న వారికి ఎదురయ్యే మొదటి సందేహం ఒక్కటే: ‘రక్తం పలుచబడడానికి వేసుకుంటున్న మాత్ర ఆపాలా, వద్దా?’

ఈ ప్రశ్నకు ఇరుగుపొరుగు వారి వద్ద దొరికే సమాధానం ‘వారం రోజులు ఆపేయండి’ అన్నదే. ఈ సలహా కొందరి విషయంలో సరైనది కావచ్చు, మరికొందరి విషయంలో ప్రాణాంతకం కావచ్చు. అందువలన ఈ అంశంపై వైద్యశాస్త్రం చెబుతున్న విషయాలను పాత్రికేయుల, అధికారుల అవగాహన కోసం ఇక్కడ వివరించడమైనది.

ఈ మందులు చేసే పని

వాడుకలో ‘రక్తం పలుచబరచే మందులు’ అంటున్నా, నిజానికి ఇవి రక్తాన్ని నీళ్లవలె పలుచన చేయవు. రక్తం గడ్డకట్టే వేగాన్ని తగ్గిస్తాయి. వీటిలో రెండు వర్గాలు ఉన్నాయి. మొదటిది ప్లేట్‌లెట్లు ఒకదానికొకటి అతుక్కోకుండా చేసే వర్గం. ఆస్పిరిన్, క్లోపిడోగ్రెల్, ప్రసుగ్రెల్, టికాగ్రెలార్ ఇందులోనివి. గుండెపోటు వచ్చిన వారికి, రక్తనాళంలో స్టెంట్ అమర్చిన వారికి వీటిని ఇస్తారు. రెండవది రక్తంలోని గడ్డకట్టే పదార్థాలపై పనిచేసే వర్గం. వార్ఫరిన్, ఎసినోకౌమరాల్ పాత తరం మందులు కాగా, డాబిగాట్రాన్, రివరోక్సబాన్, ఎపిక్సబాన్ కొత్త తరం మందులు. కృత్రిమ గుండె కవాటం ఉన్నవారికి, గుండె లయ తప్పిన వారికి, కాలి సిరలలో గడ్డలు ఏర్పడిన వారికి ఈ వర్గం మందులు అవసరమవుతాయి. లోహపు కవాటం ఉన్నవారికి మాత్రం కొత్త తరం మందులు పనికిరావు. వారు వార్ఫరిన్ లేదా ఎసినోకౌమరాల్ మాత్రమే వాడాలి.

వార్ఫరిన్ చరిత్ర రైతులకు ఆసక్తి కలిగించేదే. 1920 దశకంలో ఉత్తర అమెరికాలో బూజు పట్టిన మేత తిన్న పశువులు చిన్న గాయానికే ఆగని రక్తస్రావంతో మరణించాయి. విస్కాన్సిన్ విశ్వవిద్యాలయ శాస్త్రవేత్త కార్ల్ పాల్ లింక్ బృందం ఆ మేతలోని కారక పదార్థాన్ని గుర్తించింది. ఆ పరిశోధనల నుండి పుట్టిన వార్ఫరిన్ 1948లో ఎలుకల మందుగా మార్కెట్టులోకి వచ్చి, 1954లో మనుషుల వైద్యానికి ఆమోదం పొందింది. మోతాదు కాస్త పెరిగినా, తగ్గినా ప్రమాదమే గనుక, దీనిని వాడేవారికి ఐ.ఎన్.ఆర్. అనే రక్తపరీక్ష తరచుగా చేయవలసి ఉంటుంది.

నిర్ణయం పరీక్షను బట్టి

ఎండోస్కోపీ అంటే ఒకే రకమైన పరీక్ష కాదు. రక్తస్రావం జరిగే అవకాశాన్ని బట్టి దీనిని రెండు తరగతులుగా విభజిస్తారు. సన్నని గొట్టాన్ని నోటి ద్వారా పంపి అన్నవాహిక, జీర్ణాశయాలను చూడడం, అవసరమైతే చిన్న ముక్క తీసి పరీక్షకు పంపడం తక్కువ ప్రమాదం గలవి. పెద్దప్రేగులోని పాలిప్‌లను కోసి తీయడం, పిత్తనాళం ముఖద్వారాన్ని కోసి రాళ్లు తొలగించడం, ఇరుకైన అన్నవాహికను వెడల్పు చేయడం, ఉబ్బిన సిరలకు బ్యాండ్లు వేయడం ఎక్కువ ప్రమాదం గలవి.

ఈ విషయమై బ్రిటన్, ఐరోపా జీర్ణకోశ వైద్య సంఘాలు 2016లో సంయుక్తంగా మార్గదర్శకాలను వెలువరించి, 2021లో సవరించాయి. వాటి ప్రకారం తక్కువ ప్రమాదం గల పరీక్షలకు ఆస్పిరిన్, క్లోపిడోగ్రెల్ ఆపనవసరం లేదు. వార్ఫరిన్ కూడా కొనసాగించవచ్చును. అయితే పరీక్షకు ముందు వారంలో ఐ.ఎన్.ఆర్. పరీక్ష జరిపి, అది ఉండవలసిన పరిమితిని మించలేదని నిర్ధారించుకోవాలి. కొత్త తరం మందులు వాడేవారు పరీక్ష రోజు ఉదయం వేసుకునే మోతాదును మాత్రమే మానాలి.

అంటే, కడుపు మంటకు సాధారణ ఎండోస్కోపీ చేయించుకోబోయే రోగి చాలా సందర్భాలలో తన గుండె మందును రోజుల తరబడి ఆపవలసిన పనే లేదు.

ఎక్కువ ప్రమాదం గల చికిత్సలకు

ఇటువంటి చికిత్సలకు ముందు క్లోపిడోగ్రెల్‌ను సాధారణంగా 5 నుండి 7 రోజులు ఆపుతారు. ప్లేట్‌లెట్ల ఆయుష్షు 7 నుండి 10 రోజులు కావడం, ఈ మందు ప్రభావం ప్లేట్‌లెట్ ఉన్నంత కాలం నిలిచి ఉండడం ఇందుకు కారణం. ఆస్పిరిన్‌ను మాత్రం చాలావరకు కొనసాగిస్తారు. వార్ఫరిన్‌ను 5 రోజుల ముందు ఆపి, ఐ.ఎన్.ఆర్. 1.5 కన్నా తగ్గిన తరువాతనే చికిత్స చేస్తారు. ఎసినోకౌమరాల్ శరీరం నుండి త్వరగా తొలగిపోతుంది గనుక 2, 3 రోజుల వ్యవధి సరిపోతుంది. కొత్త తరం మందుల చివరి మోతాదుకు, చికిత్సకు మధ్య 3 రోజుల వ్యవధి ఉండాలని 2021 మార్గదర్శకాలు సూచిస్తున్నాయి. మూత్రపిండాల పనితీరు తగ్గిన వారిలో, ముఖ్యంగా డాబిగాట్రాన్ విషయంలో, ఇంకా ఎక్కువ రోజులు అవసరం. ఈ లెక్కలు వైద్యుని నిర్ణయానికి ఆధారాలే గాని, రోగి తనంతట తాను పాటించవలసిన సూత్రాలు కావు.

ఇక్కడ ప్రత్యేకంగా గమనించవలసిన విషయం ఒకటుంది. ఆస్పిరిన్, క్లోపిడోగ్రెల్ రెండూ కలిపిన మాత్రలు మార్కెట్టులో విరివిగా లభిస్తున్నాయి. రోగి దృష్టిలో అది ఒకే మాత్ర. ‘ఆ మాత్ర ఆపండి’ అన్నప్పుడు రెండు మందులూ ఒకేసారి ఆగిపోతాయి. క్లోపిడోగ్రెల్ మాత్రమే ఆపవలసి ఉంటే, ఆస్పిరిన్‌ను విడిగా వ్రాసి ఇవ్వాలి. అందువలన రోగి ‘చిన్న మాత్ర’, ‘ఎర్ర మాత్ర’ అని చెప్పడం కాక, మాత్రల అట్టలను, పాత చీటీలను వైద్యుని వద్దకు తీసుకువెళ్లాలి. కీళ్ల నొప్పులకు, ఒళ్లు నొప్పులకు మందుల దుకాణంలో అడిగి తెచ్చుకునే డైక్లోఫెనాక్, ఐబుప్రోఫెన్ వంటి మాత్రల సంగతి కూడా దాచకుండా చెప్పాలి. వీటిని రక్తం పలుచబరచే మందులతో కలిపి వాడితే జీర్ణాశయంలో పుండు ఏర్పడి రక్తం కారే ప్రమాదం హెచ్చు.

ఎవరు ఆపకూడదు?

స్టెంట్ అమర్చిన తొలి నెలలలో రెండు మందులూ ఒకేసారి ఆపితే స్టెంట్‌లో గడ్డ ఏర్పడి తీవ్రమైన గుండెపోటు రావచ్చు. అందుచేత అత్యవసరం కాని చికిత్సలను మందు పూత గల స్టెంట్ వేసిన తరువాత కనీసం 6 నెలల నుండి ఏడాది వరకు వాయిదా వేయడం ఉత్తమం. లోహపు కవాటం ఉన్నవారిలో మందు ఆగితే కవాటంపైనే గడ్డ చేరవచ్చు. గుండె లయ తప్పిన వారిలో గడ్డ మెదడుకు చేరితే పక్షవాతం వస్తుంది. ఎండోస్కోపీ సమయంలో కారే రక్తాన్ని అనేక సందర్భాలలో అదే గొట్టం ద్వారా క్లిప్పులు వేసి, ఇంజెక్షన్లు చేసి ఆపవచ్చు. పక్షవాతం వలన పడిపోయిన చేయి, కాలు తిరిగి స్వాధీనంలోకి వస్తాయన్న హామీ లేదు. ఈ తేడాను గుర్తించడమే ఈ అంశంలో అత్యంత ముఖ్యం.

వార్ఫరిన్ ఆపిన రోజులలో కొందరికి హెపారిన్ తరహా ఇంజెక్షన్లు ఇస్తారు. కృత్రిమ మైట్రల్ కవాటం వంటి ఎక్కువ ముప్పు ఉన్నవారికి ఇవి అవసరం. అయితే లయ తప్పిన గుండె గల 1,884 మందిపై జరిగి 2015లో ప్రచురితమైన ఒక అధ్యయనంలో, ఇంజెక్షన్లు తీసుకోని వారిలో గడ్డల ముప్పు పెరగలేదని, తీసుకున్న వారిలో పెద్ద రక్తస్రావాలు ఎక్కువయ్యాయని (1.3 శాతానికి బదులు 3.2 శాతం) వెల్లడైంది. కాబట్టి ఒకరికి ఇచ్చిన ఇంజెక్షన్‌ను మరొకరు అడిగి చేయించుకోవడం తగదు.

మామిడి పండు, ఆకుకూరలు

వార్ఫరిన్ వాడేవారికి ఆహారంతోనూ సంబంధం ఉంది. తోటకూర, పాలకూర, మునగాకు వంటి ఆకుకూరలలోని విటమిన్ ‘కె’ ఈ మందు ప్రభావాన్ని తగ్గిస్తుంది. మామిడి సీమ వాసులు తెలుసుకోదగిన మరొక విషయం ఏమనగా, మామిడి పండ్లు తిన్న 13 మంది వార్ఫరిన్ రోగులలో ఐ.ఎన్.ఆర్. పెరిగినట్లు 2002లో ఒక వైద్య పత్రికలో నివేదిక వెలువడింది. పండులో సమృద్ధిగా ఉండే విటమిన్ ‘ఎ’ కారణమై ఉండవచ్చునని అనుమానించారు. ఇంత తక్కువ మందిపై ఆధారపడిన నివేదికను తుది నిర్ణయంగా భావించరాదు. మామిడి పండును, ఆకుకూరలను పూర్తిగా మానవలసిన అవసరమూ లేదు. ఒక రోజు ఏమీ తినకుండా, మరునాడు అర డజను రసాలు తినే పద్ధతి కాక, రోజూ ఒకే మోతాదులో తీసుకోవాలి. పండ్ల కాలంలో ఎండోస్కోపీ ఉన్నవారు ముందు వారంలో ఐ.ఎన్.ఆర్. పరీక్షను తప్పనిసరిగా చేయించుకోవాలి.

పరీక్ష రోజు, ఆ తరువాత

నోటి ద్వారా చేసే పరీక్షకు ముందు కనీసం 6 గంటలు ఘనాహారం తీసుకోరాదు. కొనసాగించమన్న మాత్రను గుక్కెడు నీటితో వేసుకోవచ్చును. పెద్దప్రేగు పరీక్షకు ముందు విరేచనకారి ద్రావణం త్రాగిన వారు వేసవి ఎండలలో నీరసించకుండా, అనుమతించిన మేరకు ద్రవాలు తీసుకోవాలి. ఆ పరీక్షలో పాలిప్ కనబడితే అప్పటికప్పుడు తీయవలసి రావచ్చు గనుక, మందుల విషయం ముందే వైద్యునితో తేల్చుకోవాలి.

మందు ఆపడం ఎంత ముఖ్యమో, తిరిగి మొదలుపెట్టడం అంతకన్నా ముఖ్యం. వార్ఫరిన్‌ను సాధారణంగా అదే రోజు సాయంత్రం, కొత్త తరం మందులను ఎక్కువ ప్రమాదం గల చికిత్స తరువాత 2, 3 రోజులకు మొదలుపెడతారు. ఏ తేదీన మొదలుపెట్టాలో చీటీపై వ్రాయించుకోనిదే రోగి ఆసుపత్రి విడిచి రాకూడదు. పాలిప్ తీసిన తరువాత రెండు వారాల వరకు రక్తస్రావం జరగవచ్చు. రక్తపు వాంతి, తారు వంటి నల్లటి విరేచనం, కళ్లు తిరగడం వంటి లక్షణాలు కనబడితే ఆలస్యం చేయక 108 వాహనాన్ని పిలిపించాలి. మాట తడబడడం, మూతి వంకర పోవడం, ఛాతీ నొప్పి వంటివి గడ్డకు సూచనలు. వీటికీ అంతే త్వరగా స్పందించాలి. మందుల అట్టలను వెంట తీసుకువెళ్లడం మరువరాదు.

అధికారులు, పాత్రికేయులు చేయదగినవి

వైద్య శిబిరాలలోను, ప్రాథమిక ఆరోగ్య కేంద్రాలలోను ఎండోస్కోపీకి సిఫారసు చేసే చీటీపై నాలుగు వివరాలు ఉంటే ఎంతో మేలు: రోగి వాడుతున్న రక్తం పలుచబరచే మందు పేరు, దానిని వాడడానికి కారణం, ఆపవలసి ఉంటే ఆపే తేదీ, తిరిగి మొదలుపెట్టే తేదీ. నూజివీడు రోగి గుండె వైద్యం విజయవాడలోను, ఎండోస్కోపీ ఏలూరులోను జరిగినప్పుడు, ఇద్దరు వైద్యుల మధ్య వారధి ఆ చీటీయే. స్టెంట్ లేదా కవాటం ఉన్నవారి ఇళ్లకు ఆశా కార్యకర్తలు పరీక్షకు వారం ముందు ఒకసారి వెళ్లి చీటీని సరిచూడడం వలన పొరపాట్లు తగ్గుతాయి.

పాత్రికేయ మిత్రులు ఆరోగ్య శీర్షికలలో ‘ఎండోస్కోపీకి ముందు 5 రోజులు మాత్రలు ఆపాలి’ అని ఒక్క వాక్యంలో ప్రచురించకుండా, ఏ మందు, ఏ పరీక్ష, ఎవరికి అన్న మూడు వివరాలను జోడించాలి. స్థలాభావం ఉన్నచోట ‘మీ వైద్యుని అడగనిదే గుండె మాత్ర ఆపవద్దు, అడగకుండా పరీక్షకు వెళ్లవద్దు’ అన్న ఒక్క మాట ప్రచురించినా, ఆ వార్త చదివిన కుటుంబానికి మేలు చేసినట్లే అవుతుంది.