బెంజ్ సర్కిల్ చుక్క, తుఫాను చుక్క

తుఫాను అనగానే మన వాట్సాప్ గ్రూపుల్లో ఒక బొమ్మ తిరుగుద్ది. నీలం రంగు సముద్రం, అందులో వరసగా చుక్కలు, చుక్కల్ని కలుపుతూ ఒక గీత, ఆ గీత ఒడ్డుకి తగిలే చోట ఏదో ఒక ఊరు. బొమ్మ కింద ఎవరో ఒకరు వెంటనే రాసేస్తారు: "బాపట్ల పోతోందిరా, మనకేం లేదు, పడుకోండి." ఆ రాసింది నాగాయలంక కుర్రాడైతే మాత్రం నాకు నిద్ర పట్టదు.

ఆ చుక్క అబద్ధం చెప్పట్లేదు. దాన్ని ఎట్టా చదవాలో మనకి ఎవరూ కూర్చోబెట్టి చెప్పలేదు, అంతే. స్కూల్లో, ఇంటర్లో చలనం అని పాఠం ఉంటది. సూత్రాలు బట్టీ పడతాం, మార్కులు తెచ్చుకుంటాం, అక్కడితో వదిలేస్తాం. ఆ పాఠమే ఈ తుఫాను బొమ్మ. ముందు దాన్ని బెంజ్ సర్కిల్ దగ్గర చూద్దాం, తర్వాత సముద్రంలోకి పోదాం.

నేను రోజూ బందరు రోడ్డు మీద బస్సులో బెజవాడ వస్తా. ఫోన్లో మ్యాపు తెరిస్తే నేనున్న బస్సు ఒక నీలం చుక్క. పాఠంలో దీన్నే "కణం" అంటారు. యాభై మంది కూర్చుని, ఇంకో పాతిక మంది వేలాడే బస్సు కణం ఏంటని నవ్వొస్తుంది. కానీ లెక్కకి అది పనికొస్తుంది. బందరు నుంచి బెజవాడ దాదాపు 70 కిలోమీటర్లు, బస్సు పొడవు మహా అయితే 12 మీటర్లు. "ఎన్నింటికి వస్తుంది" అన్న ప్రశ్నకి ఆ 12 మీటర్లతో పనే లేదు. చుక్క చాలు.

అదే బస్సు బెంజ్ సర్కిల్ దగ్గర ఎడమకి, వారధి వైపుకి తిరిగేటప్పుడు చూడండి. ముందు చక్రాలు పోయిన దారిలో వెనక చక్రాలు పోవు, లోపలికి కోసుకుంటూ వస్తాయి. ఆ సందులో బైకు పెట్టినోడి గతి మీకు తెలుసు. ఇప్పుడు ప్రశ్న "బస్సు నాకు తగులుద్దా" అని. ఈ ప్రశ్నకి చుక్క పనికిరాదు, మొత్తం బస్సు కావాలి. వస్తువు అదే. ప్రశ్న మారింది కాబట్టి చుక్క చెల్లలేదు. ఈ మాట గుర్తుపెట్టుకోండి, తుఫాను దగ్గర మళ్లీ పనిబడుద్ది.

సరే, చుక్క కదలికని బొమ్మగా ఎట్టా వేస్తారు? లెక్కల నోటుబుక్కులో అడ్డంగా నిమిషాలు, నిలువుగా కిలోమీటర్లు వేసుకోండి. ఉయ్యూరు నుంచి బెంజ్ సర్కిల్‌కి 30 కిలోమీటర్లు, గంట పట్టింది అనుకుందాం. సగటు వడి గంటకి 30. ఈ ఒక్క అంకె చూస్తే ప్రయాణం గురించి ఏమీ తెలియదు. మొదటి 20 నిమిషాల్లో 15 కిలోమీటర్లు వచ్చింది, గీత నిటారుగా లేచింది, అంటే 45 మీద పోయింది. తర్వాత కంకిపాడు రద్దీలో 15 నిమిషాలకి 3 కిలోమీటర్లే, గీత దాదాపు పడుకుంది, వడి 12కి పడింది. మిగతా 25 నిమిషాల్లో 12 కిలోమీటర్లు. గీత వాలే వడి. ఇంటర్లో అవకలనం అని పిల్లల్ని హడలగొట్టేది కూడా ఇదే: గీతలో బాగా చిన్న ముక్క తీసుకుని దాని వాలు ఎంతో చూడటం.

ఈ గీతలు పరీక్ష పేపరు కోసం పుట్టినవి కావు. ఫ్రాన్సులో ఎటియెన్ జూల్ మారే అనే ఆయన 1880ల్లోనే ప్యారిస్, లియాన్ మధ్య రైళ్లన్నిటినీ ఒకే కాగితం మీద వాలు గీతలుగా అచ్చేసి చూపించాడు. మన రైల్వే కంట్రోల్ ఆఫీసుల్లోనూ ఇదే పద్ధతి: ఒక పక్క స్టేషన్లు, ఒక పక్క టైము, ప్రతి రైలూ ఒక గీత. ఒకప్పుడు పెన్సిలుతో గీసేవాళ్లు, ఇప్పుడు కంప్యూటర్ గీస్తోంది. సింగిల్ లైను మీద ఎదురెదురు రైళ్ల గీతలు రెండు స్టేషన్ల మధ్య కలిశాయంటే ఏమవుద్దో చెప్పక్కర్లేదు. స్టేషన్ ఉన్న చోటే కలిసేలా చూడటమే ఆ ఉద్యోగం.

ఇప్పటిదాకా ఎంత వడిగా అనేదే చూశాం. ఎటు అనేది కూడా కలిస్తేనే దాన్ని వేగం అంటారు. బెంజ్ సర్కిల్ దగ్గర బందరు వైపు నుంచి వచ్చినోడు ఎడమకి తిరిగితే గుంటూరు, కుడికి తిరిగితే రామవరప్పాడు మీదుగా ఏలూరు, నేరుగా పోతే బస్టాండు వైపు. ముగ్గురూ 30 మీదే పోతున్నా ముగ్గురి వేగం వేరు. అందుకే వేగాన్ని అంకెతో కాకుండా బాణంతో చూపిస్తారు. బాణం పొడవు వడి, ములుకు దిక్కు.

బాణం పొడవు మారకపోయినా దిక్కు మారితే చాలు, త్వరణం ఉన్నట్టే. 20 మీటర్ల వ్యాసార్థం ఉన్న మలుపులో బైకు 18 కిలోమీటర్ల మీద, అంటే సెకనుకి 5 మీటర్లు పోతోంది అనుకోండి. వేగం వర్గాన్ని వ్యాసార్థంతో భాగిస్తే 25 బై 20, అంటే 1.25. మలుపు లోపలికి లాగే త్వరణం అంత ఉండాలి. అదే మలుపు 36 మీద తిప్పితే 100 బై 20, అంటే 5. వడి రెట్టింపు చేస్తే టైరు పట్టు నాలుగు రెట్లు కావాలి. వాన పడ్డ రోడ్డు, ఇసుక జల్లిన రోడ్డు అంత పట్టు ఇవ్వవు. మనోళ్లు "బండి జారింది" అంటారు. నిజానికి బండి జారలేదు, ములుకు చూపించిన వైపే తిన్నగా పోయింది, తిప్పే పట్టు దొరకలేదు.

ఫోన్లో ఆటలాడతారు కదా, అందులో బండి కదిలేదీ ఇట్టాగే. కొత్త చోటు అంటే పాత చోటు, ప్లస్ బాణం ఇంటూ చిన్న టైము. సెకనుకి 30 సార్లో 60 సార్లో ఈ కూడిక చేసి మళ్లీ బొమ్మ వేస్తది, మన కంటికి అది పరుగులా కనబడుద్ది. చుక్కల్ని చెరపకుండా వదిలేస్తే దూరం దూరంగా పడ్డ చోట వడి ఎక్కువ, ఒకదాని మీద ఒకటి పడ్డ చోట సిగ్నల్ అని అర్థం.

బొమ్మ దాచేది కూడా ఉంటది. బెంజ్ సర్కిల్ పేరుకి సర్కిలే గానీ ఇప్పుడు హైవే పొడుగునా పైన ఫ్లైఓవర్లు ఉన్నాయి. పైన లారీ, దాని కింద మన ఆటో. మ్యాపులో రెండు చుక్కలూ ఒకే చోట! ఎత్తు అనే సంగతిని కాగితం మింగేసింది. అందుకే అక్కడ ఒక్కోసారి ఫోను కింద ఉన్నోడికి పైదారి చెప్పేస్తది.

ఇక తుఫాను బొమ్మ. అందులో చుక్క అంటే తుఫాను కేంద్రం. ఐఎండీ బులెటిన్‌లో ఆ చుక్క అక్షాంశం, రేఖాంశం ఇస్తారు. ఆరు గంటల తేడాతో ఉన్న రెండు బులెటిన్లు తీసుకోండి. అర డిగ్రీ ఉత్తరానికి, అర డిగ్రీ పడమరకి జరిగింది అనుకుందాం. మన దగ్గర అర డిగ్రీ అంటే ఎటు చూసినా సుమారు 55 కిలోమీటర్లు. పైథాగరస్ లెక్క వేస్తే దాదాపు 78 కిలోమీటర్లు, గంటకి 13. ఉయ్యూరు బస్సుకి వేసిన లెక్కే.

ఆ వడి తక్కువగా ఉంటే సంతోషించే పని కూడా లేదు. 2023 డిసెంబరులో వచ్చిన మిగ్‌జాం మన దక్షిణ కోస్తా ఒడ్డుని ఆనుకుని నెమ్మదిగా పైకి వచ్చి, 5వ తేదీన బాపట్ల దగ్గర ఒడ్డు దాటింది. చుక్క ఎంత నెమ్మదిస్తే వాన ఒకేచోట అంత ఎక్కువసేపు పడుద్ది. గీత తగిలింది బాపట్లకి. వరి నేలకొరిగింది మాత్రం కృష్ణా జిల్లా చేలల్లో కూడా.

ఎందుకంటే తుఫాను చుక్క కాదు, వందల కిలోమీటర్ల గాలి చక్రం. "ఎప్పుడొస్తుంది" అన్నదానికి చుక్క చాలు. "నా ఇంటి మీదికి వస్తుందా" అన్నదానికి చాలదు, మలుపులో బస్సు లాగే. బొమ్మలో గరాటులా వెడల్పయ్యే నీడ ఉంటది చూశారా, అది తుఫాను సైజు అనుకుంటారు చాలామంది. కాదు. కేంద్రం ఎటెటు పోయే అవకాశం ఉందో చెప్పే నీడ అది. గరాటు బయట ఉన్న ఊరికీ గాలివాన తగలొచ్చు.

ఇప్పుడు బాణాలు తీయండి. మన అర్ధగోళంలో తుఫాను గాలి గడియారం ముల్లుకి ఎదురు తిరుగుద్ది. కేంద్రం వాయవ్యంగా, ఒడ్డు వైపుకి గంటకి 20 మీద వస్తోంది, చుట్టూ గాలి 100 మీద తిరుగుతోంది అనుకుందాం. కేంద్రం పోయే దిక్కుకి కుడి పక్కన రెండు బాణాలూ ఒకే వైపు: 120, అదీ సముద్రం నుంచి ఊళ్ల మీదికి. ఎడమ పక్కన ఎదురెదురు: 80, అదీ నేల మీద నుంచి సముద్రంలోకి. అసలు తుఫాన్లో లెక్క ఇంత నున్నగా ఉండదు గానీ, కుడి పక్క బరువు ఎక్కువన్నది మాత్రం నిజం. గీతకి సమాన దూరంలో ఉన్న రెండు ఊళ్లలో ఒకచోట గాలి నీళ్లని ఊళ్లోకి తోస్తది, ఇంకోచోట వెనక్కి నెడతది.

1977 నవంబరు 19న కేంద్రం ఒడ్డు దాటింది చీరాల, నిజాంపట్నం ప్రాంతంలో. ఉప్పెన మింగింది దివిసీమని. మ్యాపు తీసి చూడండి, వాయవ్యంగా పోయే ఆ గీతకి దివిసీమ కుడి పక్కన ఉంటది. ఈ కూడిక ఒక్కటే కారణం అనను, డెల్టా ముందు సముద్రం లోతు తక్కువ కాబట్టి తోసుకొచ్చిన నీళ్లకి పైకి లేవడం తప్ప దారి లేదు. 5 మీటర్ల ఎత్తున వచ్చిన నీళ్లవి. చనిపోయినవాళ్లు అధికారిక లెక్క ప్రకారమే 10,000 దాకా. ఆ రోజు నాగాయలంకలో, కోడూరులో ఎవరి చేతిలోనూ బొమ్మ లేదు. ఇవాళ అందరి చేతిలో ఉంది, ఐఎండీ బులెటిన్లూ ఉన్నాయి, మచిలీపట్నం డాప్లర్ రాడార్ బొమ్మలూ ఉన్నాయి. అన్నీ ఉండి కూడా "బాపట్ల పోతోంది, మనకేం లేదు" అని రాస్తే ఎట్టా?

ఈసారి ఆ బొమ్మ వస్తే ఫార్వర్డ్ చేసే ముందు ఒక తెల్ల కాగితం తీసుకోండి. ఒడ్డు గీయండి, మీ ఊరు గుర్తు పెట్టండి, కేంద్రం చోట ఒక రూపాయి బిళ్ల పెట్టి దాని చుట్టూ ఎడమవైపుకి తిరిగే బాణాలు వేయండి. బిళ్లని బులెటిన్ చెప్పిన దారిలో మెల్లగా ఒడ్డు దాకా జరపండి. మీ ఊరు కుడి పక్కన పడి, బాణం సముద్రం మీంచి మీ ఊరి వైపు చూస్తుంటే, గీత ఎక్కడ తగిలినా సరే, గ్రూపులో ఏం రాయాలో, ముసలోళ్లనీ పశువుల్నీ ఎప్పుడు కదిలించాలో ఆ కాగితం చూసి మాట్లాడుకోండి.