తప్పనిసరి పంటతో పంటల వరుసలు: లెక్కింపు, ప్రయోగ రూపకల్పన

తిరుపతి జిల్లాలోని పుత్తూరు పరిసరాల మెట్ట రైతు పంట మార్పిడికి అంగీకరించినా వేరుశనగను పూర్తిగా విడిచిపెట్టడానికి అంగీకరించడు. కాయ చేతికి రొక్కాన్నిస్తుంది. కట్టె పశువులకు మేతవుతుంది. అయితే ఒకే భూమిలో ఏటేటా వేరుశనగనే విత్తినప్పుడు ఆకుమచ్చ, మొదలుకుళ్ళు, కాండంకుళ్ళు తెగుళ్ళను కలిగించే శిలీంధ్రాలు పంట అవశేషాలలోను, మట్టిలోను నిలిచి తదుపరి పంటను ఆశిస్తాయి. సమీపంలోని శ్రీకాళహస్తి పేరుతో ప్రసిద్ధమైన కాళహస్తి తెగులుకు నేలలోని నులిపురుగే కారణం. అందువలన ఈ ప్రాంతానికి సూచించే పంటల వరుసలో వేరుశనగ ఉండాలి. ఒక వేరుశనగ పంటకు, మరొక వేరుశనగ పంటకు నడుమ విరామమూ ఉండాలి.

ఈ షరతులకు లోబడిన వరుసలు ఎన్ని? ఈ ప్రశ్నకు సరైన సమాధానం లేకుండా రూపొందించిన ప్రణాళికలో కొన్ని వరుసలు రెండుసార్లు చేరవచ్చు; కొన్ని అసలే చేరకపోవచ్చు. పంట మార్పిడి ప్రయోగం ఏళ్ళ తరబడి సాగేది. మొదటి సంవత్సరం దొర్లిన లోపాన్ని మూడవ సంవత్సరంలో సరిదిద్దడం సాధ్యం కాదు.

లెక్కింపు పద్ధతి

క్రమానికి ప్రాధాన్యమున్న అమరికను ప్రస్తారం అంటారు. భాస్కరాచార్యుడు 1150లో రచించిన లీలావతిలో అంకపాశమనే పేరుతో ఇటువంటి అమరికలనే చర్చించాడు. ఇంటర్మీడియట్‌లో విద్యార్థులు నేర్చుకున్న ఈ పాఠమే ఇక్కడ ఉపయోగపడుతుంది.

వర్షాధార భూమికి ఆరు పంటలను పరిశీలనకు తీసుకున్నామనుకుందాం: వేరుశనగ, సజ్జ, రాగి, కంది, ఉలవ, నువ్వు. ఏడాదికి ఒక పంట చొప్పున మూడేళ్ళ వరుస కావాలి. ఏ పంటా రెండవసారి రాకూడదు. మొదటి ఏడాదికి 6, రెండవ ఏడాదికి 5, మూడవ ఏడాదికి 4 అవకాశాలు ఉన్నందున మొత్తం వరుసలు 6 × 5 × 4 = 120.

వీటిలో వేరుశనగ ఉన్నవి ఎన్నో రెండు విధాలుగా తెలుసుకోవచ్చు. మొదటిది నేరు పద్ధతి. వేరుశనగకు మూడేళ్ళలో ఒక స్థానాన్ని ముందుగా కేటాయించాలి; మిగిలిన రెండు స్థానాలను ఐదు పంటలతో నింపాలి. 3 × 5 × 4 = 60. రెండవది తీసివేత పద్ధతి. వేరుశనగ లేని వరుసలు 5 × 4 × 3 = 60; వాటిని 120 నుండి తీసివేస్తే 60 మిగులుతాయి. రెండు పద్ధతులలోనూ ఒకే ఫలితం రావడం లెక్కకు తనిఖీ.

పొరపాటు జరిగే చోటు

ఒకే పంట మళ్ళీ రావచ్చని అనుమతించినప్పుడు నేరు పద్ధతి తప్పుదారి పట్టిస్తుంది. అప్పుడు మొత్తం వరుసలు 6 × 6 × 6 = 216. వేరుశనగకు ఒక స్థానమిచ్చి, మిగిలిన రెండింటిని ఆరు పంటలలో దేనితోనైనా నింపితే 3 × 6 × 6 = 108 వస్తుంది. ఇది సరికాదు. వేరుశనగ రెండేళ్ళు ఉన్న వరుస ఇందులో రెండుసార్లు, మూడేళ్ళూ ఉన్న వరుస మూడుసార్లు లెక్కకు వచ్చాయి.

తీసివేత పద్ధతిలో ఈ చిక్కు లేదు. వేరుశనగ అసలు లేనివి 5 × 5 × 5 = 125; కనుక కనీసం ఒకసారైనా ఉన్నవి 216 − 125 = 91. విడదీసి చూసినా ఇదే తేలుతుంది: ఒక్కసారి మాత్రమే ఉన్నవి 75, రెండుసార్లు ఉన్నవి 15, మూడుసార్లూ ఉన్నది 1. ‘ఒక్కసారి’, ‘కనీసం ఒకసారి’ అనే మాటల మధ్య తేడా ఇక్కడ 16 వరుసలు. వాటిలో ఏటా వేరుశనగే వేసే వరుస కూడా ఒకటి. మార్పిడి ద్వారా నివారించదలచినది దానినే.

రెండవ షరతు: తృణధాన్యం

మట్టి ద్వారా వ్యాపించే తెగుళ్ళ ఉద్ధృతిని తగ్గించడానికి వేరుశనగను తృణధాన్యాలతో మార్పిడి చేయాలని సాధారణంగా సిఫార్సు చేస్తారు. పై 60 వరుసలలో సజ్జ కూడా తప్పనిసరి అయితే వేరుశనగకు 3 స్థానాలు, సజ్జకు మిగిలిన 2 స్థానాలు, చివరి స్థానానికి 4 పంటలు: 3 × 2 × 4 = 24.

సజ్జ గాని రాగి గాని, ఏదో ఒక తృణధాన్యం ఉంటే చాలునన్నప్పుడు 24 + 24 = 48 అనడం పొరపాటు. సజ్జ, రాగి రెండూ ఉన్న 6 వరుసలు అందులో రెండుసార్లు చేరాయి. సరైన సంఖ్య 42. తీసివేత పద్ధతిలో వేరుశనగ ఉండి తృణధాన్యం లేనివి 3 × 3 × 2 = 18; 60 నుండి 18 పోగా అదే 42.

వరుస, చక్రం, ప్లాటు

మూడేళ్ళు ముగిసిన తరువాత పంట మార్పిడి మళ్ళీ మొదటికి వస్తుంది. కావున ‘వేరుశనగ–సజ్జ–కంది’, ‘సజ్జ–కంది–వేరుశనగ’, ‘కంది–వేరుశనగ–సజ్జ’ అనేవి ఒకే చక్రానికి మూడు ఆరంభ దశలు. 60 వరుసలు 20 చక్రాలవుతాయి; 24 వరుసలు 8 చక్రాలవుతాయి.

అలాగైతే ప్రయోగంలో చక్రానికి ఒక ప్లాటు సరిపోతుందా? ఇంగ్లండులోని రోథమ్‌స్టెడ్ కేంద్రపు అనుభవం దీనికి సమాధానమిస్తుంది. అక్కడ 1848లో అగ్డెల్ క్షేత్రంలో నాలుగేళ్ళ మార్పిడి ప్రయోగాన్ని ఆరంభించారు. ఒక సగంలో మూడవ ఏట పప్పుజాతి పంటను వేశారు. మరొక సగాన్ని ఆ ఏడు బీడుగా ఉంచారు. ఒక పంట తప్పనిసరిగా ఉన్న వరుసను అది లేని వరుసతో పోల్చిన ప్రయోగమిది. కాని క్షేత్రమంతటా ఏ ఏడాదైనా ఒకే దశ ఉండేది. గోధుమ నాలుగేళ్ళకొకసారి మాత్రమే వచ్చేది. నైరుతి, ఈశాన్య రుతుపవనాలు రెండింటిపైనా ఆధారపడి, వాన ఏటికేడు మారే పుత్తూరు వంటి చోట ఇటువంటి ప్రణాళిక వేస్తే వేరుశనగ దిగుబడి మూడేళ్ళకొకసారే కొలతకు అందుతుంది. ఆ ఒక్క ఏడూ కరవైతే చక్రమంతటి పరిశీలన దెబ్బతింటుంది.

అందుచేత ప్రతి చక్రంలోని అన్ని దశలూ ప్రతి ఏటా క్షేత్రంలో ఉండాలి. అప్పుడు ఒక రెప్లికేషన్‌కు కావలసిన ప్లాట్ల సంఖ్య చక్రాల సంఖ్య కాదు, వరుసల సంఖ్యే. వేరుశనగ ఒక్కటే షరతైతే 60 ప్లాట్లు, మూడు రెప్లికేషన్లకు 180. సజ్జ కూడా తప్పనిసరి అయితే 24 ప్లాట్లు, మూడింటికి 72. ఎర్ర నేలలో కొద్ది దూరంలోనే లోతు, సారం మారుతుంటాయి కనుక 60 ప్లాట్ల బ్లాకును ఏకరీతిగా ఎంచుకోవడం కష్టం. 24 ప్లాట్ల బ్లాకు అంతకన్నా సులువు.

విస్తరణ శాస్త్రవేత్తలకు, విద్యార్థులకు

ముందుగా షరతులను మాటలలో స్పష్టంగా రాసుకోవాలి: ఏ పంట తప్పనిసరి, ఒక్కసారా లేక కనీసం ఒకసారా, మళ్ళీ రావచ్చునా రాకూడదా. తరువాత రెండు పద్ధతులలో లెక్కించి సరిచూసుకోవాలి. ఆపైనే ప్లాట్ల పటం గీయాలి.

మిగిలిన 8 చక్రాలు నాలుగు జతలు. కందిని మూడవ పంటగా తీసుకుంటే ఒక చక్రంలో వేరుశనగ తరువాత సజ్జ వస్తుంది. జతలోని రెండవ దానిలో వేరుశనగ తరువాత కంది వస్తుంది. పంటలు అవే, క్రమం వేరు. వేరుశనగ మిగిల్చిన నత్రజనిని వెంటనే సజ్జ వాడుకోవడం మేలా, లేక వేరుశనగకు ముందు ఏడు సజ్జ ఉండి తెగులుకు అడ్డుకట్ట వేయడం మేలా అన్నది రైతుకు కావలసిన సమాధానం. దానిని పొలమే చెప్పాలి. ఆ ప్రశ్నను పొలానికి సరిగా అందించడమే లెక్కింపు ప్రయోజనం.