కథ నడుపు పాఠకుడు

రేడియో నాటకము వినుచున్నపుడు కథానాయకుడు తెలియక అపాయములోనికి అడుగిడుచుండగా, "అయ్యో, అటు పోవలదు!" అని మనము లోలోన అనుకొనుచుందుము. కాని మన మాట అతనికి వినబడదు. రచయిత వ్రాసినట్లే కథ నడచును. వినువాని మాటకు కథ లోబడినచో ఏమగును? ఈ ప్రశ్నకు సమాధానమా యన్నట్లు జపాను దేశమున ఒక కథారూపము పెంపొందినది. దానిని విజువల్ నావెల్, అనగా దృశ్యనవల, అందురు.

తెరపై వెనుక ఒక ప్రదేశము, ముందు పాత్రల బొమ్మలు, వానితో కూడ కథ అక్షరములలో కనబడును. సంగీతము తోడుగా వినవచ్చును. పాఠకుడు మీట నొక్కుచు చదువుకొని పోవును. ఒక్కొక్క ఘట్టమున కథ ఆగి, రెండు మూడు దారులు చూపి, "ఏమి చేయుదువు?" అని అడుగును. ఎన్నుకొన్న దారినిబట్టి తరువాతి కథయు, ముగింపును మారును. 1992 లో చున్‌సాఫ్ట్ సంస్థ వెలువరించిన 'ఒటొగిరిసో' ఈ పద్ధతికి బాట వేసినది. 1996 లో లీఫ్ సంస్థ పెద్దలకు మాత్రమే ఉద్దేశించిన 'షిజుకు'ను ఈ తీరున రచించి, విజువల్ నావెల్ అను పేరు పెట్టినది.

పెద్దలకు మాత్రమే అనగానే శృంగారమే సర్వస్వమని తలచుట సహజము. అట్టివియు పెక్కు గలవు. కాని 2004 లో టైప్‌మూన్ వెలువరించిన 'ఫేట్ స్టే నైట్'ను చూడుడు. రచయిత కినోకో నాసు. ఇందు మూడు ప్రధానమార్గములు కలవు. మొదటిది ముగించిన గాని రెండవది, రెండవది ముగించిన గాని మూడవది తెరువబడవు. నాయకుడగు షిరో బాల్యమున ఘోరాగ్నిప్రమాదము నుండి రక్షింపబడినవాడు. తానును అందరిని కాపాడవలెనని అతని ఆదర్శము. మొదటి రెండు మార్గములలో పాఠకుడు ఆ ఆదర్శమును మెచ్చుకొనుటకు అలవాటుపడును.

మూడవ మార్గమున పరీక్ష వచ్చును. నిత్యము అతని యింటికి వచ్చి వంటలో సాయపడు సకురా అను యువతిలో నాటబడిన దుష్టశక్తి వలన ఊరిజనమునకు ప్రాణాపాయము కలుగునని తెలియును. ఆదర్శమును నిలుపుకొనవలెనా? సకురాను నిలుపుకొనవలెనా? ఆమెను విడిచినచో కథ త్వరలోనే విషాదముగా ముగియును. ఆమె పక్షము వహించినచో కథ సాగును. కాని దాని మూల్యమును ఊరిలోని నిరపరాధులు చెల్లింతురు. ఇన్నాళ్లు నాయకుని మెచ్చుకొనిన పాఠకుడే ఇపుడు అతనిచే ఆదర్శమును విడిపింపవలసియున్నది. "రచయిత ఇట్లు వ్రాసెను" అని తప్పించుకొనుటకు వీలులేదు. మీట నొక్కినది తన వ్రేలే.

ఇచ్చట ఒక ఆక్షేపణ కలదు. ఈ ఆటలలో కథను ఒకచోట భద్రపరచి, మరల అచ్చటికే వచ్చి వేరొక దారి పట్టవచ్చును. అట్లయిన నిర్ణయమునకు విలువ యేమి? ఆలోచించిన కొలది ఈ సౌకర్యము వలన విలువ తగ్గలేదనియే మాకు తోచినది. రెండు దారులను నడచిన పాఠకునికి తాను పొందినదే గాక, విడిచినదియు తెలియును. నిజజీవితమున ఈ రెండవ తెలివి మనకు దొరకదు. విలువను నిజముగా తగ్గించునది వేరు: ఏ దారి పట్టినను ఏమియు కోల్పోనక్కరలేని ఎంపిక. కాఫీయా, తేనీరా అని అడిగినంత మాత్రమున కథ పాఠకుని చేతికి వచ్చినట్లు కాదు.

2007 లో ఇదే కృతిని ప్లేస్టేషన్ 2 యంత్రము కొరకు మరల వెలువరించినపుడు శృంగారఘట్టములను తొలగించిరి. సకురాను గూర్చిన నిర్ణయము మాత్రము నిలిచియే యున్నది. కథకు ప్రాణము ఎచ్చట నున్నదో దీనివలన తెలియుచున్నది.

ఇంటిలో పిల్లలున్నవారు ఇట్టి ఆటలపై ముద్రించిన వయస్సు సూచనను తప్పక చూడవలెను. ఆ హద్దు హద్దే. పెద్దలు మాత్రము వీనిని కేవలము కాలక్షేపమని త్రోసివేయక, ఒక మంచి కృతిని ఎన్నుకొని చదివిన, తమ మనస్సు ఏ ఘట్టమున తడబడునో తామే తెలిసికొనగలరు.