చమురు గన్న శిల: షేలు పరీక్ష

భూగర్భమునందు చమురు సరస్సువలె నిలిచియుండుననియు, అచ్చటికి గొట్టమును దింపినంతనే పైకి చిమ్ముకొని వచ్చుననియు సామాన్యజనులు ఊహించుట సహజమే గాని, యథార్థమునకు చమురైనను సహజవాయువైనను రాతిలోని సూక్ష్మరంధ్రములలో ఇమిడియుండు పదార్థములు. కావున వానిని వెదకువారు మొట్టమొదట వెదకవలసినది శిలను. ఈ వెదకులాట శతాబ్దమునకు పైగా ఇసుకరాళ్లయందును సున్నపురాళ్లయందును సాగెను. ఏలయన వానిలోని రంధ్రములు పెద్దవి, ఒకదానితో నొకటి కలిసియుండునవి. షేలు అను సన్నని మట్టిశిల రెండు పనులకే తగినదని ఆ కాలమున తలచిరి: చమురును పుట్టించు తల్లిశిలగా నుండుట, పుట్టి పైకెగసిన చమురు తప్పించుకొనిపోకుండ మూతవలె అడ్డునిలుచుట. 1821లోనే న్యూయార్క్ రాష్ట్రమందలి ఫ్రెడోనియా గ్రామమున షేలునుండి వెలువడిన వాయువుతో దీపములు వెలిగించిరి గాని, అట్టి బావుల దిగుబడి స్వల్పమగుటచే ఆ మార్గమును పెద్దగా పట్టించుకొన్నవారు లేకపోయిరి. టెక్సస్ రాష్ట్రమున ఫోర్ట్ వర్త్ నగర ప్రాంతమందలి బార్నెట్ షేలు ఈ యభిప్రాయమును తలక్రిందులు చేసినది. ఆ విజయమునకు బావులు తొలుచు యంత్రములెంత కారణమో, ప్రయోగశాలలో ఆ రాతిని ఓపికతో పరిశీలించిన శాస్త్రజ్ఞుల కృషియు నంతే కారణము.

షేలు నిశ్చలజలముల అడుగున పుట్టును. నదులు మోసికొని వచ్చు రేణువులలో ఇసుక తీరమునకు సమీపముననే దిగిపోగా, కంటికి కానరాని మట్టిరేణువులు దూరముగా సాగి, అలజడి లేని లోతులలో మెల్లగా పేరుకొనును. ఆ లోతునీటిలో ప్రాణవాయువు కొరవడినప్పుడు, అడుగునకు జేరిన నాచు మొదలగు సూక్ష్మజీవుల అవశేషములు కుళ్లి నశింపక మట్టితోపాటు పూడిపోవును. పైపొరల బరువునకు మట్టి రాయి యగును. భూతాపమునకు జీవపదార్థము కెరోజన్ అను ఘనపదార్థముగా మారి, తాపము హెచ్చినకొలది మొదట చమురుగాను, పిదప వాయువుగాను విచ్ఛిన్నమగును. ఇట్లు పుట్టినదానిలో కొంత పైకెగసి ఇసుకరాళ్లలో చేరును. కొంత పుట్టినచోటనే చిక్కుకొని యుండును. ఇసుకరాతిలోని చమురు కుండలో పోసిన నూనె. షేలులోని చమురు నువ్వుగింజలో నున్న నూనె. కుండను వంచిన చాలును, గింజను గానుగాడవలెను. గానుగాడుటకు ముందు ఆ గింజ గట్టిదో తాలుదో, పచ్చిదో పండినదో తెలిసికొనవలెను.

కావున షేలును పరీక్షించువారి మొదటి ప్రశ్న, ఇందు జీవపదార్థమెంత యనునది. రాతిని పొడిచేసి, ఆమ్లముతో సున్నపు పదార్థమును కరగించి తీసివేసి, మిగిలినదానిని మండించి, వెలువడు బొగ్గుపులుసు వాయువును కొలుతురు. ఆ లెక్కవలన రాతి బరువులో నూటికెన్ని పాళ్లు సేంద్రియ కర్బనము కలదో తేలును. అది 2 పాళ్లకు తక్కువైన షేలుపై సాధారణముగా ఆశ పెట్టుకొనరు. బార్నెట్ షేలులో అది సగటున 4, 5 పాళ్లు.

పరిమాణము తెలిసిన పిమ్మట పరిపక్వత తెలియవలెను. 1970-80 దశాబ్దమున ఫ్రెంచి పెట్రోలియం పరిశోధనసంస్థ శాస్త్రజ్ఞులు ఇందుకై రాక్-ఎవాల్ అను యంత్రమును రూపొందించిరి. చిటికెడు రాతిపొడిని గాలి సోకకుండ క్రమముగా వేడిచేయుట దాని పని. 300 డిగ్రీల సెల్సియస్ వేడికి రాతిలో నిదివరకే తయారైయున్న చమురు ఆవిరియై వెలువడును. వేడి అంతకు మించినకొలది కెరోజన్ విచ్ఛిన్నమై కొత్త చమురును వాయువును విడుచును. మొదటి రాశి నేడున్నదానిని, రెండవ రాశి ఇక పుట్టగలదానిని తెలుపగా, ఆ రెండవ రాశి మిక్కిలి హెచ్చుగా వెలువడు ఉష్ణోగ్రత శిల యెంతవరకు పండినదో తెలుపును. అది 435 డిగ్రీలకు చేరినచో ఆ శిల చమురు పుట్టించు దశలో ప్రవేశించినదని సాధారణ నియమము. దీనికి తోడు, రాతిలో చిక్కిన ప్రాచీనవృక్షముల కొయ్యతునకలను నునుపుచేసి సూక్ష్మదర్శినిక్రింద నుంచి, అవి నూటికెన్ని పాళ్లు వెలుగును తిరిగి పంపునో కొలుతురు. ఎంత వేడికి గురియైన తునక అంత మెరయును. ఆ వెలుగు సుమారు 0.6 పాళ్లు ఉన్నచోట చమురు ఆరంభమగును, 1.3 దాటినచోట వాయువే ప్రధానము. టెక్సస్ దక్షిణభాగమున నున్న ఈగిల్ ఫర్డ్ షేలు ఇందుకు చక్కని తార్కాణము: అది లోతు తక్కువగానున్న వాయవ్యభాగమున చమురు నిచ్చును, లోతునకు వాలిన ఆగ్నేయభాగమున వాయువు నిచ్చును. కొలరాడో, యూటా, వయోమింగ్ రాష్ట్రములలో వ్యాపించిన గ్రీన్ రివర్ శిలలందో, జీవపదార్థము మెండుగా నున్నను చాలచోట్ల అది పండలేదు. దానిని వెలికిదీసి బట్టీలలో కాల్చిననే గాని చమురు రాదు.

మూడవ ప్రశ్న, ఈ రాయి పగులునా యనునది. షేలునుండి చమురు రావలెనన్నచో, అధికపీడనముతో నీటిని ఇసుకను లోనికి పంపి, రాతిని చీల్చి, ఆ చీలికలు మరల మూసికొనిపోకుండ ఇసుకరేణువులను అందు నిలుపవలెను. స్ఫటికశిల వంటి పెళుసు ఖనిజములు హెచ్చుగానున్న శిల చక్కగా చీలును. బంకమన్ను హెచ్చినచో రాయి చీలుటకు బదులు సాగును, చీలినను ఇసుకరేణువులు మెత్తని గోడలలో దిగబడి దారి మూసికొనిపోవును, కొన్ని జాతుల బంకమన్ను నీరు తగిలినంతనే ఉబ్బును. అందుచే ఎక్స్ కిరణములను రాతిపొడిపై ప్రసరింపజేసి, అవి వంగు కోణములనుబట్టి ఏ ఖనిజమెంత కలదో నిర్ణయింతురు. బార్నెట్ షేలులో ప్రాచీనసముద్రపు స్పంజికలు, రేడియోలేరియనులు విడిచిన సిలికా విశేషముగా నుండుట దాని భాగ్యము: ఆ జీవుల దేహములనుండియే రాతికి పెళుసుదనము సంక్రమించినది.

ఇంత చెప్పినను అసలు చిక్కు రంధ్రములకడ నున్నది. ఫ్రాన్సుదేశపు దిజోన్ నగరమునకు మంచినీటి వసతి కల్పించిన హెన్రీ డార్సీ అను ఇంజనీరు 1856లో ఇసుకగుండ నీరు పారు వేగమును కొలిచి యొక సూత్రమును ప్రకటించెను. శిలల పారగమ్యతను నేటికిని ఆయన పేరనే కొలుతురు. మంచి ఇసుకరాతి పారగమ్యత డార్సీలో వెయ్యవ వంతులతో లెక్కకు వచ్చును. షేలుది డార్సీలో నూరుకోట్లవ వంతులతో చెప్పవలసి యుండును. బావినుండి కోసి తీసిన అట్టి శిలాదండముగుండ వాయువును పంపి కొలుచుట మిక్కిలి కష్టము. అదియునుగాక, భూగర్భపీడనమునుండి విడివడినంతనే దండమున ఏర్పడు సన్నని బీటలు, లోతున లేని దారిని ఉన్నట్లు భ్రమింపజేయును. అందుచే అమెరికాలోని గ్యాస్ రిసెర్చి ఇన్‌స్టిట్యూట్ ఆధ్వర్యమున 1990ల ఆరంభమున, రాతిని ముక్కలుగా నలుగగొట్టి, ఆ ముక్కలలోనికి హీలియం వాయువు చొచ్చు తీరునుబట్టి రంధ్రముల పరిమాణమును పారగమ్యతను నిర్ణయించు పద్ధతి వాడుకలోనికి వచ్చెను. ఐనను ఆ రంధ్రములను కన్నులార చూచుట చాలకాలము సాధ్యము కాలేదు. సానబెట్టినప్పుడే మెత్తని షేలు చెదరిపోయెడిది. ఆర్గాన్ అయానుల ధారతో రాతిముఖమును చదునుచేసి ఎలక్ట్రాన్ సూక్ష్మదర్శినితో చూడనేర్చిన పిమ్మట, 2009లో భూగర్భశాస్త్రజ్ఞుడు రాబర్ట్ లౌక్స్, ఆయన సహచరులు బార్నెట్ షేలు రంధ్రములను లోకమునకు చూపిరి. వానిలో మిక్కిలి భాగము మట్టిరేణువుల నడుమ గాక, కెరోజన్ తునకలలోపలనే యుండెను. వాని వ్యాసము 5 మొదలు 750 నానోమీటర్ల వరకు నుండెను. చమురుగా వాయువుగా మారిపోయిన జీవపదార్థము విడిచిన ఖాళీయే ఆ వాయువునకు నివాసమైనదన్నమాట.

షేలులో వాయువు రెండు విధముల నిలిచియుండును. కొంత రంధ్రములలో స్వేచ్ఛగా నుండును. కొంత కెరోజన్ గోడలకు అంటుకొని యుండును. అంటుకొన్న వాయువునకును పీడనమునకును గల సంబంధమును రసాయనశాస్త్రజ్ఞుడు ఇర్వింగ్ లాంగ్‌మ్యూర్ 1918లో సూత్రీకరించెను. నేటి షేలు పరీక్షకులు ఆ సూత్రముననుసరించియే, పీడనము తగ్గినకొలది ఎంత వాయువు గోడల వీడునో లెక్కింతురు. బావినుండి పైకి తీసిన శిలాదండమును వెంటనే డబ్బాలో బంధించి, భూగర్భమందలి వేడిలోనే యుంచి, మెల్లగా వెలువడు వాయువును కొలుచుట మరియొక పద్ధతి. అందు, దండము పైకి వచ్చు నడుమ ఎగిరిపోయిన భాగమును లెక్కకట్టి కలుపవలెను. అచ్చట పొరపాటు జరిగినచో నిధియంతయు లెక్కతప్పును. ఇట్టి లెక్కల విలువ బార్నెట్ చరిత్రలోనే కానవచ్చును. జార్జి మిచెల్ స్థాపించిన మిచెల్ ఎనర్జీ సంస్థ బార్నెట్ షేలులో 1981లో తొలి బావి తొలిచి, దిగుబడి చాలకున్నను పట్టువిడువక శ్రమించెను. 1990ల చివర ఒకవైపు చిక్కని జిగురుద్రవమునకు బదులు పలుచని నీటితో రాతిని చీల్చు పద్ధతి అక్కరకు వచ్చెను. మరియొకవైపు కొత్తగా తీసిన శిలాదండములను పరీక్షింపగా, తొలుత అంచనా వేసినదానికంటె వాయువు చాల అధికముగా నున్నదని తేలెను. రాయి మారలేదు, కొలుచు తీరు మారినది. ఆ వెనుక 2002లో మిచెల్ సంస్థను డెవన్ సంస్థ కొని, అడ్డముగా సాగు బావులను విరివిగా తొలువగా, బార్నెట్ షేలు లోకప్రసిద్ధమయ్యెను.

అయితే ఒక శిల విజయము మరియొక శిలకు చెల్లదు. ఈ సత్యమును మరచుటచే కలిగిన ఆశాభంగములు చిన్నవి కావు. పోలండ్ దేశపు షేలులనుండి 5.3 లక్షల కోట్ల ఘనమీటర్ల వాయువు లభింపవచ్చునని అమెరికా ఇంధనసమాచార సంస్థ 2011లో ప్రకటింపగా, మరుసటి సంవత్సరమే పోలండ్ భూగర్భసంస్థ పాతబావుల వివరములను స్వయముగ పరిశీలించి, సంభావ్యమైన రాశి 34,600 కోట్లకును 76,800 కోట్లకును నడుమ నుండునని తేల్చెను. ఎక్సాన్ మొబిల్ సంస్థ తొలి బావుల ఫలితములను చూచి 2012లోనే ఆ దేశమునుండి వెనుదిరిగెను. కాలిఫోర్నియాలోని మాంటరే షేలునుండి 1,540 కోట్ల పీపాల చమురు రాగలదన్న 2011 నాటి అంచనా, 2014లో 60 కోట్ల పీపాలకు కుదించుకొనిపోయెను. ఆ శిల కొండల కదలికలకు మడతలుపడి విరిగియున్నది. దానిని సమముగా పరచుకొన్న షేలులవలె భావించుటయే దోషమైనది.

ఈ పాఠము మనకు దూరమైనది గాదు. 2011 జనవరిలో ఓ.ఎన్.జి.సి. సంస్థ పశ్చిమబెంగాలునందలి దుర్గాపురము సమీపమున ఇచ్ఛాపురముకడ భారతదేశమున తొలిసారిగా షేలునుండి వాయువును రాబట్టెను. 2013లో కేంద్రప్రభుత్వము షేలు అన్వేషణకై ప్రత్యేకవిధానమును ప్రకటించెను. ఆ యన్వేషకులు లెక్కగొన్న ప్రాంతములలో మన కృష్ణాగోదావరీ పరివాహము నొకటి. మండపేట ఇసుకరాతి క్రింద నున్న కొమ్ముగూడెము శిలాసముదాయము పెర్మియన్ యుగమునాటిది, బొగ్గుపొరలతో కలిసియున్నది. దానిలోని జీవపదార్థము విశేషముగా భూమిపై మొలచిన వృక్షములది. దానికి పైనున్న రాఘవపురము షేలు క్రిటేషియస్ యుగపు సముద్రజలములలో పేరుకొన్నది. బార్నెట్ షేలుకును వీనికిని వయస్సున, పుట్టుకలో, ఖనిజములలో భేదము కలదు. బార్నెట్ అంకెలను తెచ్చి గోదావరికి అంటగట్టుట శాస్త్రము కాజాలదు. శిలాదండమును తీయవలెను, డబ్బాలో బంధింపవలెను, కాల్చవలెను, నలుగగొట్టవలెను, చూడవలెను. ఒకే రాతిని రెండు ప్రయోగశాలలకు పంపినచో పారగమ్యత అంకెలు పదింతలు వందింతలుగా భేదించుటయు కలదు గనుక, ఏ పద్ధతితో కొలిచిరో చెప్పని అంకెకు విలువ లేదు.

ఒక్కొక్క షేలు బావిని చీల్చుటకు సాధారణముగా కోటి లీటర్లకు పైబడిన నీరు కావలెను. ఆ నీటితోనే పైరు పండించుకొను రైతులున్న డెల్టాలో ఈ ప్రశ్న కేవలము శాస్త్రజ్ఞులది గాదు. అందుచే శిలాపరీక్షల ఫలితములను పద్ధతులతో సహా ప్రజలయెదుట నుంచి, ఆ శిలలో ఎంత కలదు, అందెంత రాబట్టవచ్చును, దానికెంత నీరు వెచ్చింపవలెను అను లెక్కను మొదట తేల్చి, ఆ తరువాతనే బావికి అనుమతి నీయవలెనని నా దృఢాభిప్రాయము. కొన్ని శిలాదండముల పరీక్షకగు వ్యయము ఒక విఫలమైన బావి వ్యయముముందు లెక్కింపదగినది గాదు. ఆ పరీక్ష చెప్పు మాట ‘కలదు’ అనియైనను, ‘లేదు’ అనియైనను దేశమునకు మేలే చేయును.